కవి, చిత్రకారుడు ఖలీల్ జిబ్రాన్

(మన సొసైటీ వార్షిక సమావేశంలో లైబ్రరీ ఉపసంఘం తరఫున చేసిన ప్రసంగ పాఠం)



ప్రతి ఏడూ ఈ సభలో ఒక గొప్ప మనిషిని గురించి పది నిమిషాలు మాట్లాడే పని మా లైబ్రరీ ఉపసంఘానికి అప్పగిస్తున్నారు. పది నిమిషాలని చెప్పి అరగంట తీసుకుంటామని మా మీద ఒక ఫిర్యాదు ఉన్నది. ఈసారి దమ్ బిర్యానీ అడుగంటితే ఆ పాపం మాదేనని వంటవాళ్ళు ముందుగానే కబురు చేశారు. అయినా మాకు ఇచ్చిన సమయం పూర్తిగా వాడుకునే వెళ్తామని సవినయంగా మనవి చేసుకుంటున్నాం.

ఈ ఏడు మేము ఎంచుకున్న మనిషి ఖలీల్ జిబ్రాన్. ఆయన మన దేశం వాడు కాదు, మన మతం వాడూ కాదు. లెబనాన్ కొండల్లో పుట్టిన మరోనైట్ క్రైస్తవుడు, అమెరికాలో బ్రతికి అక్కడే పోయినవాడు. మరి మన సభలో ఆయన సంగతి ఎందుకని ఒక పెద్దాయన అడిగారు. న్యాయమైన ప్రశ్నే. దానికి జవాబు చెప్పాలంటే మొన్న ఎండాకాలంలో స్కాలర్‌షిప్పుల కమిటీలో జరిగిన ఒక విషయం చెప్పాలి.

మన దగ్గరికి వచ్చిన దరఖాస్తుల్లో ఇంటర్ పాసైన ఒక అమ్మాయిది ఉంది. పేరు చెప్పం. తండ్రి ఆటో నడుపుతాడు, తల్లి ఇంట్లో బ్లౌజులు కుడుతుంది. ఆ అమ్మాయి మార్కుల జాబితాతో పాటు ఒక డ్రాయింగు పుస్తకం కూడా జతచేసింది. హైదరాబాదు వెళ్ళి చిత్రలేఖనం కోర్సు చదవాలని ఉంది, ఫీజుకూ హాస్టలుకూ సాయం చెయ్యండి అని వ్రాసింది. మన ఫారంలో పాలిటెక్నిక్, ఐ.టి.ఐ., ఇంజనీరింగు, నర్సింగు, డిగ్రీ అని గళ్ళున్నాయి. బొమ్మలకు గడి లేదు. పుస్తకం ఒకసారి చేతులు మారింది, "బాగానే వేసిందే" అన్నారు, తర్వాత దరఖాస్తును పక్కన పెట్టారు. పెట్టారు అంటున్నాం గాని ఆ కాగితం మీద మా సంతకమూ ఉంది. బొమ్మలు కూడు పెడతాయా అని అడిగినవాళ్ళలో మేమూ ఉన్నాం.

ఇంటికి వెళ్ళాక ఆ మాట మనసులో నలిగింది. మన లైబ్రరీ బీరువాలో, కింది అరలో, అట్ట ఊడిపోయిన ఒక తెలుగు పుస్తకం ఉంది. కాళోజీ నారాయణరావుగారి "జీవన గీత". జిబ్రాన్ ఇంగ్లీషులో వ్రాసిన "ది ప్రాఫెట్" అనే పుస్తకానికి కాళోజీ చేసిన అనువాదమది, 1968 నాటిది. దాన్ని మళ్ళీ తీసి చదివాం. తర్వాత ఆ మూల రచయిత బ్రతుకు ఎలా సాగిందో వెతికి చదివాం. చదివిన కొద్దీ మా సంతకం మమ్మల్ని గుచ్చటం మొదలుపెట్టింది. అందుకని ఈ ప్రసంగం.

జిబ్రాన్ 1883 జనవరి 6న బిషర్రీ అనే ఊళ్ళో పుట్టాడు. అప్పట్లో లెబనాన్ కొండలు తుర్కీ ఉస్మానియా సుల్తానుల ఏలుబడిలో ఉండేవి. ఊరికి కింద ఖదీషా లోయ, పైన దేవదారు చెట్లు. అందమైన చోటే గాని అందం కడుపు నింపదు గదా. తండ్రికి పన్నుల వసూలు పని. జూదం అలవాటు. 1891లో లెక్కల్లో అవకతవకలున్నాయని ఆయన్ని పట్టుకుపోయారు, ఇల్లూ వాకిలీ జప్తు చేశారు. తల్లి పేరు కమీలా, ఒక పాదిరీ కూతురు. మరోనైట్లలో పెళ్ళైనవాళ్ళు కూడా పాదిరీలు కావచ్చు. ఆమెకు అంతకు ముందు పెళ్ళి వల్ల పుట్టిన కొడుకు బుత్రుస్, ఈ భర్త వల్ల ఖలీల్, ఇద్దరు ఆడపిల్లలు మరియానా, సుల్తానా. భర్త విడుదలై వచ్చినా ఆ సంసారం నిలబడలేదు. 1895లో ఆ తల్లి నలుగురు పిల్లల్నీ వెంటబెట్టుకుని ఓడ ఎక్కి అమెరికా వెళ్ళిపోయింది. భర్త లెబనాన్‌లోనే ఉండిపోయాడు.

ఈ సంగతి మనకు కొత్తగా చెప్పాలా? కడప, రాయచోటి, రాజంపేట వైపు నుంచి కువైట్ వెళ్ళి ఇంటిపనులు చేసి పిల్లల్ని చదివించిన తల్లులు ఎంతమంది లేరు! ఈ హాల్లోనే, ఆడవాళ్ళ వైపు, ఎవరి పేరూ చెప్పకుండానే తల దించుకున్నవాళ్ళున్నారు. దించుకోవద్దని మా విన్నపం. కమీలా బోస్టన్ నగరంలో సిరియా, లెబనాన్ వలసదారులుండే బీద పేటలో కాపురం పెట్టి, లేసులు, బట్టలు మూటగట్టుకుని ఇంటింటికీ తిరిగి అమ్మింది. భాష రాదు, చలి దేశం. కొంత కూడబెట్టాక బుత్రుస్ ఒక చిన్న షాపు పెట్టాడు.

నలుగురిలో బడికి వెళ్ళింది ఒక్క ఖలీలే. ఆడపిల్లలిద్దరినీ పంపలేదు. డబ్బు లేకపోవటం ఒక కారణం, ఆడపిల్లలకు చదువెందుకనే పాత అలవాటు ఇంకొకటి. ఈ మాట ఇక్కడ గుర్తుంచుకోండి, మళ్ళీ దీని దగ్గరికి వస్తాం.

బడిలో ఒక చిత్రం జరిగింది. ఆయన అసలు పేరు జిబ్రాన్ ఖలీల్ జిబ్రాన్. తండ్రి పేరు ఖలీల్, ఇంటిపేరు జిబ్రాన్. బడివాళ్ళు ముందున్న జిబ్రాన్‌ను తీసేసి ఖలీల్‌ను మిగిల్చారు. అందులోనూ ఇంగ్లీషు అక్షరం హెచ్ ఉండవలసిన చోటు నుంచి ఒక అక్షరం పక్కకు జరిగింది. ఇప్పటికీ ఇంగ్లీషు పుస్తకాల మీద ఆ తప్పు స్పెల్లింగే ఉంటుంది. రేషన్ కార్డులో ఒక పేరు, పదో తరగతి సర్టిఫికెట్లో ఇంకో పేరు, పాస్‌పోర్టులో మూడో పేరు ఉన్న మన కుర్రాళ్ళు ధైర్యం తెచ్చుకోవచ్చు. తప్పు పేరుతో కూడా మనిషి లోకానికి తెలుస్తాడు.

ఇక అసలు సంగతికి వస్తున్నాం. ఆ పేటలో బీద పిల్లల కోసం కొందరు చదువుకున్న స్త్రీలు నడిపే డెనిసన్ హౌస్ అనే సేవా కేంద్రం ఉండేది. మన సొసైటీ లాంటిదే అనుకోండి. అక్కడి బొమ్మల క్లాసులో ఈ పిల్లవాడి చేతి వాటం పంతులమ్మ కంటబడింది. సంగతి ఆ నోటా ఈ నోటా పడి జెస్సీ బీల్ అనే సాంఘిక సేవకురాలికి చేరింది. ఆమె 1896లో బోస్టన్‌లో పేరున్న ఫోటోగ్రాఫరు, పుస్తక ప్రచురణకర్త ఫ్రెడ్ హాలండ్ డేకు ఉత్తరం వ్రాసింది. ఇట్లాంటి పిల్లవాడొకడున్నాడు, ఎవరైనా చెయ్యందించకపోతే వీధుల పాలవుతాడు అన్నది దాని సారాంశం. అంతే, ఒక్క ఉత్తరం. డే ఆ పిల్లవాణ్ణి పిలిపించుకున్నాడు, పుస్తకాలు చదివి వినిపించాడు, బొమ్మలు వేయించాడు. 1898 నాటికి, పదిహేనేళ్ళకే, జిబ్రాన్ గీసిన బొమ్మలు పుస్తకాల అట్టల మీద అచ్చయ్యాయి.

డెనిసన్ హౌస్ వాళ్ళ ఫారంలో బొమ్మలకు గడి ఉండేదో లేదో మాకు తెలియదు గాని, ఉత్తరం వ్రాసే మనిషి మాత్రం ఉంది.

అదే సంవత్సరం ఇంట్లోవాళ్ళు ఆలోచించారు. పిల్లవాడు తన భాష మరిచిపోతున్నాడు, ఈ దొరల సావాసం మరీ ఎక్కువవుతోంది అని బేరూత్ పంపించారు. అక్కడ మద్రసతుల్ హిక్మా అనే క్రైస్తవ విద్యాలయంలో అరబ్బీ సాహిత్యం చదివాడు. ఇది చాలా మంచి పని అయింది. తల్లిభాష గట్టిపడిన తర్వాతే ఆయన కవి అయ్యాడు. ఇంగ్లీషు మీడియం మోజులో ఉర్దూ లిపీ రాక, తెలుగు వ్రాయటమూ రాక పెరుగుతున్న మన పిల్లల తలిదండ్రులకు ఇంతకంటే చెప్పనవసరం లేదు.

1902లో ఆయన తిరిగి బోస్టన్ చేరేలోపే ఇంటి మీద పిడుగు పడింది. ఆ ఏప్రిల్‌లో చిన్న చెల్లెలు సుల్తానా క్షయతో పోయింది, పద్నాలుగేళ్ళ పిల్ల. 1903 మార్చిలో అన్న బుత్రుస్, అతనికీ క్షయే. జూన్‌లో తల్లి కమీలా, కాన్సరుతో. పదిహేను నెలల్లో మూడు జనాజాలు. ఇరవై ఏళ్ళ జిబ్రాన్, పద్దెనిమిదేళ్ళ మరియానా ఇద్దరే మిగిలారు. షాపు అప్పుల్లో ఉంది. అతను షాపు లెక్కలు తేల్చి దాన్ని వదిలించుకున్నాడు.

అప్పుడు ఇల్లు నడిపింది ఎవరు? మరియానా. బడి ముఖం చూడని ఆ పిల్ల ఒక దుస్తుల షాపులో కుట్టుపనికి కుదిరింది. అన్న ఏదైనా ఉద్యోగం చూసుకుంటాననలేదని కాదు, ఆమె చెయ్యనివ్వలేదని ఆయన జీవితం వ్రాసినవాళ్ళు చెప్తారు. నువ్వు వ్రాసుకో, బొమ్మలు వేసుకో అన్నది. సూదితో ఆ ఇంటి అద్దె కట్టింది. జిబ్రాన్ గురించి వందల పుస్తకాలు వచ్చాయి, అన్నిటి అట్టల మీదా ఆయన ముఖమే. మాకైతే ఆ కథలో అందరికంటే పెద్ద మనిషి మరియానాయే అనిపిస్తుంది. మన ఇళ్ళల్లో జరీ పని చేసి, బీడీలు చుట్టి, మిషను తొక్కి తమ్ముళ్ళను ఇంజనీర్లను చేసిన ఆపాలు ఎంతమందో. వాళ్ళ చేతుల్లో ఏ విద్య ఉండేదో మనం ఎప్పుడైనా అడిగామా? సుల్తానాకూ మరియానాకూ ఏ బొమ్మలు వచ్చేవో ఎవరూ చూడలేదు. వాళ్ళను ఆ క్లాసుకు ఎవరూ పంపలేదు.

1904లో డే స్టూడియోలోనే జిబ్రాన్ బొమ్మల తొలి ప్రదర్శన జరిగింది. ఆ ఏడు నవంబరులో ఆ భవనం కాలిపోయింది, అక్కడున్న జిబ్రాన్ బొమ్మలన్నీ బుగ్గి అయ్యాయి. ఇంకొకరైతే బ్రష్షు పారేసేవారేమో. అయితే ఆ ప్రదర్శన చూడటానికి వచ్చినవాళ్ళలో మేరీ హాస్కెల్ అనే బాలికల పాఠశాల హెడ్‌మిస్ట్రెస్ ఉంది. ఆయనకంటే పదేళ్ళు పెద్దది. ఆమె కోటీశ్వరురాలు కాదు, జీతం మీద బ్రతికే మనిషి. అట్లాంటిది 1908లో జిబ్రాన్‌ను పారిస్ పంపి నెలకు 75 డాలర్లు ఇచ్చి చిత్రలేఖనం చదివించింది. ఆయన ఒక్కడికే కాదు, ఇంకా కొందరు బీద విద్యార్థులకు కూడా అలాగే సాయం చేసింది. జిబ్రాన్ పెళ్ళి చేసుకుందామంటే మేరీ ఒప్పుకోలేదు. ఆ తర్వాత కూడా ఇద్దరి స్నేహం చెడలేదు. ఆయన ఇంగ్లీషులో వ్రాసిన ప్రతి పుస్తకమూ మేరీ దిద్దుబాటు చూసుకునే అచ్చుకు వెళ్ళేది. అరబ్బీలో పుట్టిన ఆలోచనకు ఇంగ్లీషు వ్యాకరణం ఆమె కూర్చింది.

పారిస్‌లో రెండేళ్ళు ఉండి, 1911లో న్యూయార్కు చేరాడు. పదో వీధిలో చిత్రకారుల కోసమే కట్టిన ఒక భవనంలో గది తీసుకుని, ఆ భవనంలోనే చివరిదాకా ఉన్నాడు. ఆ గదికి "ఆశ్రమం" అనే అర్థం వచ్చే పేరు పెట్టుకున్నాడు. పెన్సిలుతో, పల్చటి రంగులతో ఆయన వేసిన బొమ్మల్లో మనుషులు పొగమంచులోంచి పుట్టుకొస్తున్నట్లు, కొండలే మనుషులైనట్లు ఉంటారు. ఇంగ్లండు కవి, చిత్రకారుడు విలియం బ్లేక్ ప్రభావం చాలా ఉన్నది. బ్లేక్ కూడా తన కవితలకు తనే బొమ్మలు గీసుకున్నవాడు, కంటికి కనపడని లోకాన్ని చూశానని చెప్పినవాడు. పారిస్ శిల్పి రోదాఁ జిబ్రాన్‌ను ఇరవయ్యో శతాబ్దపు బ్లేక్ అన్నాడని చాలా పుస్తకాల్లో వ్రాస్తారు, దానికి గట్టి ఆధారం కనపడదు. ఆ బొమ్మల్లో ఒంటి మీద బట్టలేని మనుషులు ఎక్కువ. లైబ్రరీలో ఆ పుటలు తిప్పినప్పుడు మాలోని ఒక పెద్దాయన అద్దాలు తీసి జేబులో పెట్టుకున్నారు. అది వారి ఇష్టం. పసిపిల్ల పుట్టినప్పుడు ఎట్లా ఉంటుందో మనిషి ఆత్మ అట్లా ఉంటుందని ఆయన భావం కాబోలని మాలో ఇంకొకరు సర్దిచెప్పారు.

మనం ప్రత్యేకంగా చూడదగ్గ బొమ్మలు కొన్ని ఉన్నాయి. ఇబ్న్ సీనా, గజాలీ, అబుల్ అలా అల్ మఅర్రీ వంటి మహాపండితులు, కవుల ముఖాలను ఊహించి గీశాడు. ఇబ్న్ సీనా మీద, ఇమామ్ గజాలీ మీద, సూఫీ కవి ఇబ్న్ అల్ ఫారిద్ మీద అరబ్బీలో వ్యాసాలు వ్రాశాడు. చర్చి పెద్దలతో తగాదా పెట్టుకున్న క్రైస్తవుడు, ముస్లిం పండితులను తన పూర్వీకులుగా చెప్పుకున్న అరబ్బు. అరబ్బీ భాష మతాల మధ్య గోడ కాదని, అందరూ నీళ్ళు తోడుకునే బావి అని ఆయన రచనలు చూస్తే అనిపిస్తుంది.

ఆయన అరబ్బీ రచనలు 1905 నుంచి వచ్చాయి. 1908లో వచ్చిన "అల్ అర్వాహ్ అల్ ముతమర్రిదా", అంటే తిరగబడ్డ ఆత్మలు, మతాధికారులకూ భూస్వాములకూ బాగా కోపం తెప్పించింది. ఇష్టం లేని పెళ్ళి చేసిన ఆడపిల్ల, కాలే కడుపుతో దొంగతనం చేసిన బీదవాడు ఆ కథల్లో ఉంటారు. 1920లో న్యూయార్కులో వలస రచయితలంతా కలిసి "అర్‌రాబితా అల్ ఖలమియ్యా" అనే సంఘం పెట్టుకున్నారు, కలం సంఘం అన్నమాట. జిబ్రాన్ అధ్యక్షుడు, మిఖాయిల్ నుఐమా కార్యదర్శి. మన దగ్గర ఛందస్సు సంకెళ్ళు వద్దని వచన కవిత వచ్చినట్లే అరబ్బీలోనూ వచనంలో కవిత్వం చెప్పే దారిని వీళ్ళు వెడల్పు చేశారు. పాత పండితులు ఎగతాళి చేశారు. అది ఎక్కడైనా ఉన్నదే.

మొదటి ప్రపంచ యుద్ధంలో లెబనాన్ కొండల్లో ఘోరమైన కరువు వచ్చింది. 1915లో మిడతలు పంటను తినేశాయి, ఒకవైపు మిత్రరాజ్యాలు సముద్రం మీద దిగ్బంధం పెట్టాయి, ఇంకోవైపు తుర్కీ సైన్యం ఉన్న ధాన్యాన్ని ఊడ్చుకుపోయింది. సుమారు 2 లక్షల మంది చనిపోయారని అంచనా. ఆ రోజుల్లో జిబ్రాన్ న్యూయార్కులో సహాయ సంఘానికి కార్యదర్శిగా ఉండి చందాలు వసూలు చేశాడు, ఉత్తరాలు వ్రాశాడు, ఆరోగ్యం పాడుచేసుకున్నాడు. తన వాళ్ళు ఆకలితో చస్తుంటే తాను నిండుగా తింటున్నానే అన్న బాధతో ఒక రచన చేశాడు. రసీదు పుస్తకం పట్టుకుని గడప గడపా తిరిగిన మన సభ్యులకు ఆ కార్యదర్శి కష్టం తెలుసు.

"ది ప్రాఫెట్" 1923లో వచ్చింది. కథ చాలా చిన్నది. అల్ ముస్తఫా అనే జ్ఞాని పరాయి నగరంలో పన్నెండేళ్ళు ఉన్నాడు. తన ద్వీపానికి తీసుకుపోయే ఓడ వచ్చింది. వీడ్కోలుకు వచ్చిన జనం ఒక్కొక్కరూ ఒక్కొక్క విషయం చెప్పమంటారు. ముస్తఫా అనేది మన రసూల్ (సల్లల్లాహు అలైహి వసల్లం) వారికి మనం వాడే బిరుదునామం, ఎన్నుకోబడినవాడు అని అర్థం. ఆ పేరు చూసి మాలో కొందరు మొదట తటపటాయించారు. ఆ పాత్ర ఒక కల్పిత జ్ఞాని, ఏ ప్రవక్త జీవితమూ కాదు. పేరు మాత్రం అరబ్బు చెవికి అతి ప్రియమైన పేరు కాబట్టి పెట్టుకున్నాడని మేము అర్థం చేసుకున్నాం.

మాకు బాగా నచ్చింది ఏమంటే, ఎవరు ఏ ప్రశ్న అడుగుతారు అన్నది. పని గురించి అడిగేవాడు దుక్కి దున్నేవాడు. ఇళ్ళ గురించి తాపీ మేస్త్రీ అడుగుతాడు, బట్టల గురించి నేతగాడు. తిండి గురించి అడిగేవాడు పూటకూళ్ళు నడిపే ముసలాయన. పిల్లల గురించి అడిగేది చంకన బిడ్డనెత్తుకున్న తల్లి. దానం గురించి ఎవరు అడుగుతారనుకున్నారు? ధనవంతుడు! బీదవాడికి ఆ సందేహం రాదు మరి. ఇందులో కొన్ని ప్రశ్నలు చేతిపని చేసేవాళ్ళ నోట్లోంచి వస్తాయి గనకనే మన బస్తీ మనిషికి కూడా ఈ పుస్తకం ఎక్కుతుంది.

మాలో ఒకరికి ఈ పుస్తకం అంతగా నచ్చలేదని కూడా చెప్పాలి. చక్కెర పాలు ఎక్కువైందని, ప్రతి వాక్యమూ గోడ మీద వ్రాసుకోవటానికి చేసినట్లుందని వారి అభిప్రాయం. అమెరికా విమర్శకులు చాలామంది అదే అన్నారు, కాలేజీల్లో పాఠంగా పెట్టలేదు. జనం మాత్రం కొంటూనే వచ్చారు. పెద్దగా ప్రకటనలు లేకుండా ఒకరి చేతి నుంచి ఒకరి చేతికి పోయింది. అమెరికాలోనే 90 లక్షలకు పైగా ప్రతులు అమ్ముడుపోయాయి, 100కు పైగా భాషల్లోకి వెళ్ళింది. అక్కడ పెళ్ళిళ్ళలో, మయ్యత్తుల దగ్గర దాన్ని చదువుతారు. 2014లో దాని మీద కార్టూను సినిమా కూడా వచ్చింది. గల్ఫ్‌లో పనిచేసి వచ్చిన మన అన్నదమ్ములు టాక్సీ రేడియోలో ఫైరూజ్ గొంతు విని ఉంటారు. పిల్లనగ్రోవి ఇమ్మని అడిగే ఆమె పాట ఒకటి ప్రసిద్ధి. ఆ పాట మాటలు జిబ్రాన్ అరబ్బీ కావ్యం "అల్ మవాకిబ్" లోవే. జిబ్రాన్ పేరు వినకుండానే మీరు ఆయన్ని విన్నారన్నమాట.

తెలుగులోకి తెచ్చిన కాళోజీగారి సంగతి కూడా చెప్పుకోవాలి. తల్లి కన్నడం, తండ్రి మరాఠీ, పెరిగింది ఓరుగల్లు నేల మీద, నిజాం కాలపు చదువు కాబట్టి ఉర్దూ బాగా వచ్చు. జనం మాట్లాడే పలుకుబడే భాష అని జీవితాంతం వాదించినవాడు. లెబనాన్ అరబ్బు ఇంగ్లీషులో వ్రాసినదాన్ని, ఉర్దూ చదివిన ప్రజాకవి తెలుగు చేశాడు.

ఇంతవరకు పొగిడాం గనక రెండో వైపు కూడా చెప్తాం. జిబ్రాన్ తన పుట్టుక గురించి అబద్ధాలు ఆడేవాడు. మా తాతలు ప్రభువులు, మా ఇంట్లో సింహాలు అన్న ధోరణిలో అమెరికావాళ్ళకు చెప్పేవాడు. లేసులు అమ్మిన తల్లి సంగతి గొప్పింటివాళ్ళ ముందు చెప్పుకోలేకపోయాడు. బీదవాడికి పేరు వస్తే ముందు దాచేది బీదతనమే. చివరి సంవత్సరాల్లో తాగుడు పెరిగింది. 1931 ఏప్రిల్ 10న న్యూయార్కు ఆసుపత్రిలో కన్నుమూశాడు. కాలేయం చెడింది, క్షయ కూడా మొదలైంది. వయస్సు 48. శవాన్ని ఓడలో లెబనాన్ తీసుకువెళ్ళారు. బిషర్రీలో మార్ సర్కిస్ అనే పాత మఠంలో సమాధి చేశారు, ఇప్పుడు అదే ఆయన మ్యూజియం, 440 చిత్రాలు అక్కడున్నాయి.

ఆయన వీలునామా మన కార్యవర్గం శ్రద్ధగా వినవలసింది. డబ్బు మరియానాకు. స్టూడియోలోని బొమ్మలు, పుస్తకాలు మేరీ హాస్కెల్‌కు. పుస్తకాల మీద వచ్చే రాయల్టీ మాత్రం పుట్టిన ఊరు బిషర్రీకి, ఊరి మంచి పనుల కోసం. ఎంత గొప్ప మనసు! కాని పుస్తకం అమ్మకాలు పెరిగి డబ్బు వరదలా వచ్చేసరికి ఊళ్ళో కమిటీలో ఎవరుండాలని కుటుంబాలు కత్తులు నూరుకున్నాయి. తగాదాలు అమెరికా కోర్టుల దాకా పోయాయి, లెబనాన్ ప్రభుత్వం జోక్యం చేసుకోవలసి వచ్చింది. ప్రేమ గురించి, ఇవ్వటం గురించి అంత చెప్పిన పుస్తకం డబ్బుల కోసం ఆ ఊరివాళ్ళు కొట్టుకున్నారు. "ది ప్రాఫెట్" మీద అమెరికాలో హక్కుల గడువు 2018తో ముగిసింది. కమిటీ ఎన్నికలప్పుడు మన దగ్గర జరిగే వాదనలు గుర్తొచ్చి మేము నవ్వుకున్నాం, తర్వాత నవ్వు ఆగింది.

మేరీ తన దగ్గరున్న బొమ్మల్లో వంద దాకా 1950లో అమెరికాలోని సవానా నగరపు మ్యూజియానికి ఇచ్చేసింది. ఆయన ఉత్తరాలు, తన డైరీలు ఒక విశ్వవిద్యాలయానికి అప్పగించింది. అవి లేకపోతే మేము ఇప్పుడు చెప్పిన సంగతుల్లో సగం లోకానికి తెలిసేవి కావు. లెక్కలు వ్రాసి దాచే మనిషి విలువ అది. మన మినిట్సు పుస్తకం కూడా ఎవరైనా అలా దాస్తే బాగుండును.

ఇక మా మనవి. బొమ్మలు వేసే ప్రతి పిల్లా జిబ్రాన్ అవుతుందని మేము అనటం లేదు. ఇంజనీరింగు చదివిన ప్రతి కుర్రవాడికీ ఉద్యోగం వస్తుందని కూడా మనం రాసివ్వలేదు గదా. ఫారంలో "ఇతర విద్యలు" అని ఒక గడి పెట్టాలని, ఆ పక్కన పెట్టిన దరఖాస్తును మళ్ళీ కమిటీ ముందుకు తేవాలని లైబ్రరీ ఉపసంఘం తీర్మానం చేసి కార్యదర్శిగారికి అందజేసింది. మొదటి ఏడు ఫీజులో సగం మా ఉపసంఘం సభ్యులం తలా కొంత వేసుకుని భరిస్తాం. మిగతా సగం సంగతి సభ నిర్ణయించాలి. ఆ అమ్మాయి తల్లి ఈ సభలోనే ఉన్నారు, ఆమె అనుమతితోనే ఇది మాట్లాడాం.

డ్రాయింగు పుస్తకం లైబ్రరీ గది తలుపు పక్క బల్ల మీద తెరిచి పెట్టాం. మిషను తొక్కుతున్న తల్లి చేతుల బొమ్మ నాలుగో పుటలో ఉంది. భోజనాలకు వెళ్ళే దారి అటే. చేతులు కడుక్కునే ముందే చూడండి, పుటలకు నూనె అంటకుండా.

సెలవు తీసుకుంటున్నాం.